పాత నిలువుటద్దానికి కొత్త పూత వేయించాలా, ఉన్నట్టే ఉంచాలా? అసలు అది ఏ కాలంది?

జమ్మలమడుగు మేడ:
మా పెద్దింట్లో ఒక నిలువుటద్దం ఉంది, మనిషి కంటే ఎత్తు, టేకు ఫ్రేము, పైన ద్రాక్షగుత్తుల చెక్కడం. ఇంట్లో తరతరాలుగా చెప్పే మాట ఏందంటే ఇది బెల్జియం అద్దం, ఈస్టిండియా కంపెనీ కాలంలో మన్రో దొర ఇక్కడ కలెక్టరుగా ఉన్నప్పటిది, ఆయన సామాను వేలం వేస్తే మావాళ్ళు పాడుకున్నారు అని. ఇప్పుడు అంచుల్లో గోధుమరంగు మచ్చలొచ్చినాయి. పాలిష్ చేసే ఆయన వచ్చి చూసి, అద్దం వెనక అంతా గీకేసి కొత్త పూత వేస్తా, ఫ్రేమంతా ఇసకకాగితం కొట్టి మెరిపిస్తా అన్నాడు, ఇంట్లో సగం మంది సరే అన్నారు. నేను వద్దంటాండా. అది యాడిదో ఎప్పటిదో చెప్పే గుర్తులన్నీ ఆ వెనకపక్కనే ఉంటాయి గదా, అవి పోతే ఇంగ మిగిలేది కథ ఒక్కటే. దానికి తోడు అమెరికాలో ఉండే మా చిన్నాన్న కొడుకు తనకు పంపమంటున్నాడు. మీరేమంటారు?

ప్రొద్దుటూరు పద్మ:
అన్నా, అద్దం ఉండేది మొహం చూసుకోడానికి. మచ్చల్లో సగం మొహం కనపడకపోతే దాన్ని హాల్లో పెట్టుకోని ఏం చేస్తారు? మా అత్తగారింట్లో పెండ్లి నాటి అద్దానికి కొత్త పూత వేయించినాం, ఇప్పుడు రోజూ వాడుతున్నాం, పిల్లలు దాని ముందరే జడలేసుకుంటారు. వాడుకలో ఉంటేనే వస్తువు బతుకుతాది, లేకపోతే మేడమీద గదిలో దుమ్ము పట్టి పోతాది. ఇంకోటి, పాత అద్దాల్లో పాదరసం ఉంటాది అంటారు, చిన్నపిల్లలు తిరిగే ఇంట్లో దాన్ని అట్నే పెట్టుకోవడం మంచిదేనా?

అనంత పాతసామాను:
ముందు ఆ మన్రో మాట తేలుద్దాం. మన్రో దత్తమండలాలకు, అంటే మన రాయలసీమ, బళ్ళారి పక్కకు, ప్రిన్సిపల్ కలెక్టరుగా ఉన్నది 1800 నుంచి 1807 దాకా. బెల్జియం అనే దేశం ఏర్పడిందే 1830లో. రెండూ కలిపి చెప్తే నిలబడదు. గాజు ఆ ప్రాంతంలోనే తయారై ఉండొచ్చు అంటే అనొచ్చు గానీ, మన దగ్గర మంచి అద్దం ప్రతిదాన్నీ అంగట్లో బెల్జియం అనే అమ్మినారు. ఫ్రాన్సులో సాంగొబాన్ అనే అద్దాల కంపెనీ 1665 నుంచి ఉంది, ఇంగ్లండులోనూ పెద్ద అద్దాలు పోసినారు, మద్రాసులో దిగిన సరుకంతా ఒక్క దేశంది కాదు. దొరలు బదిలీ మీద పోయేటప్పుడు ఇంటి సామాను వేలం వేసేవాళ్ళు, అది మాత్రం నిజం, కాబట్టి వేలం కథను పూర్తిగా కొట్టిపారేయొద్దు, దొర పేరు మాత్రం తర్వాత అతుక్కోని ఉంటాది.

కర్నూలు కొయ్యపని:
పూత వేయించాలా వద్దా అనే ముందు వెనకపలక తీసి చూడండి సామీ, జాగ్రత్తగా, అద్దాన్ని ఫ్రేములోంచి కదిలించకుండా. వెనక ఏ పెయింటూ లేకుండా తగరం రేకు మాదిరి బూడిదరంగు కనపడి, ముందుపక్క సన్నని మెరుపు చుక్కలు చుక్కలుగా ఉంటే అది తగరం-పాదరసం పూత. అప్పట్లో తగరం రేకు పరిచి దానిమీద పాదరసం పోసి పైన గాజు జరిపి బరువులు పెట్టేవాళ్ళు, అట్లాంటి అద్దంలో ఏండ్లు గడిచేకొద్దీ పాదరసం కిందికి దిగి అడుగున బొట్లుగా చేరుతాది. దాన్ని గీకడం చాలా ప్రమాదం, ఎవర్నీ చెయ్యి పెట్టనీయొద్దు. అదే వెనక ఎర్రటిదో నల్లటిదో పెయింటు ఉండి మచ్చలు అంచుల నుంచి గోధుమరంగులో లోపలికి పాకుతుంటే వెండి పూత. వెండి పూత పద్ధతి 1835లో లీబిగ్ అనే జర్మనీ రసాయన శాస్త్రవేత్త కనిపెట్టినాడు, వ్యాపారంలోకి రావడానికి ఇంకా టైం పట్టింది, 19వ శతాబ్దం చివరి దాకా రెండు రకాలూ నడిచినాయి.

గాజు అంచును వాలుగా అరగదీసిన చెక్కుడు కూడా వేలితో తడమండి. చేత్తో అరగదీసిన పాత అంచు చాలా పల్చగా వాలి ఉంటాది, ఎక్కడ మొదలైందో సరిగ్గా తెలీదు, మిషన్ది అయితే గీత కోసినట్టు తెలుస్తాది. గాజులో అలలు కనపడితే పాతది, లేకపోతే కొత్తది అని చాలామంది అంటారు, అది సగం మాటే, ఎందుకంటే మంచి పాత అద్దాలను రెండు పక్కలా అరగదీసి చదును చేసేవాళ్ళు, వాటిలోనూ అలలు ఉండవు.

జమ్మలమడుగు మేడ:
చూసినా అన్నా. వెనక ఎర్ర పెయింటు ఉంది, అక్కడక్కడా పొరలు లేచింది. అంటే వెండి పూతే, మన్రో కాలం మాట పోయినట్టే. ఫ్రేము వెనక రంపం గీతలు అడ్డంగా ఎగుడుదిగుడుగా ఉన్నాయి, స్క్రూలు కొన్నింటికి మొన లేదు, తలమీద గాడి కూడా నడిమధ్య లేదు. అవి బాగా పాతవి కావా?

కర్నూలు కొయ్యపని:
ఇక్కడే తొందరపడొద్దు. ఇంగ్లండు లెక్క ప్రకారం అట్లాంటి మొన లేని స్క్రూలు 1850కి ముందువి. కానీ మన వడ్లోళ్ళు పాత స్క్రూ దొరికితే పారేసేవాళ్ళు కాదు, వేరే సామాను విప్పి ఇందులో బిగించి ఉంటారు. రంపం గీతలు కూడా అంతే, ఆ దేశంలో గుండ్రటి మిషన్ రంపాలు వచ్చినాక చేతి కోత తగ్గింది, మన పల్లెల్లో మాత్రం పైన ఒకరు కింద ఒకరు నిలబడి దుంగలు కోయడం మా నాయన కాలం దాకా ఉంది. వాళ్ళ గుర్తులు మన సామానుకు అట్నే పెడితే తప్పు తేదీ వస్తాది. నాకనిపించేది, గాజు ఓడలో వచ్చింది, ఫ్రేము ఇక్కడే ఎవరో కట్టినారు. రెండింటికీ రెండు ఊర్లు, రెండు వయసులు ఉండొచ్చు.

అనంత పాతసామాను:
టేకు బర్మాదా నల్లమలదా అని కూడా అడుగుతారు. బెంగళూరులో ఐడబ్ల్యుఎస్‌టీ అనే చెక్క పరిశోధన సంస్థలో చెక్క ముక్క చూసి ఏ జాతో చెప్తారు, కానీ బర్మా టేకూ నల్లమల టేకూ ఒకే జాతి, మైక్రోస్కోప్ కింద టేకు అనే వస్తాది. దానికంటే కాగితాలు వెతుక్కోండి. మీ ఇంట్లో భాగాలు పంచుకున్నప్పుడు రాసిన దస్తావేజు రిజిస్టర్ అయి ఉంటే సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో నకలు దొరుకుతాది, పాత భాగపత్రాల్లో మంచాలు, పెట్టెలు, నిలువుటద్దాలు కూడా ఎవరి వాటాకు ఏవో రాసేవాళ్ళు. ఒక్క తేదీ దొరికినా అప్పటికి ఇది ఇంట్లో ఉన్నట్టు రుజువు. ఇంకో సంగతి, అమెరికా మాట ముందు ఆపండి. 1972 పురావస్తువుల చట్టం ప్రకారం నూరేండ్లు దాటిన ఇట్లాంటి కళావస్తువు పురావస్తువు కిందికి వస్తాది, మామూలు మనిషి దాన్ని దేశం దాటించడానికి లేదు. నూరేండ్లు కాలేదు అంటే ఏఎస్ఐ, అంటే కేంద్ర పురావస్తు శాఖ, నుంచి ఆ మేరకు సర్టిఫికెట్ తెచ్చుకోవాల్సిందే.

ప్రొద్దుటూరు పద్మ:
ఇదంతా సరేగానీ నా మాట అదే. పాదరసం కాదని తేలింది గదా, ఇంగ భయమెందుకు, పూత వేయించుకోని వాడుకోండి. గుర్తులు కావాలంటే ముందే ఫోటోలు తీసిపెట్టుకోవచ్చు.

కర్నూలు కొయ్యపని:
అక్కా, పెయింటు పొర మందం, దానికింద ఏముంది, గాజు అంచు రంగు, ఇవి ఫోటోలో దొరకవు. మొహం చూసుకోవాలంటే ఇంకో దారి ఉంది, పాత గాజును జాగ్రత్తగా తీసి బట్టలో చుట్టి చెక్కపెట్టెలో నిలబెట్టి దాచండి, ఫ్రేములో అదే కొలతకు కొత్త అద్దం పెట్టించండి. ఫ్రేముకు ఇసకకాగితం మాత్రం వద్దే వద్దు, మెత్తటి పొడిగుడ్డతో తుడిస్తే చాలు.

జమ్మలమడుగు మేడ:
పద్మక్కా, వాడుకలో ఉండాలనే మాట నాకూ ఇష్టమే, కానీ గాజును ఫ్రేమును వేరు చేస్తే అప్పుడు అది ఒక వస్తువు కాదు, రెండు ముక్కలు. అద్దం మధ్యలో ఇంకా బాగానే కనపడుతుంది, మచ్చలున్న మేర మొహం కనపడకపోయినా నాకు ఫరవాలేదు. పాలిష్ ఆయనకు వద్దని చెప్పేసినా, మా చిన్నాన్న కొడుక్కి చట్టం సంగతి మెసేజ్ పెట్టినా. భాగపత్రం నకలు కోసం సోమవారం ఆఫీసుకు పోతాండా, మా తాత అన్నదమ్ముల పేర్లతో వెతకమంటా. జమ్మలమడుగు పక్క ఇట్లాంటి ద్రాక్షగుత్తుల చెక్కడం ఫ్రేము ఇంకెవరింట్లో అయినా ఉంటే వెనకపక్క ఫోటో తీసి ఇక్కడ పెట్టండి, ఒకే చేతిపనో కాదో పోల్చి చూద్దాం.