చర్చ: పురావస్తు డాక్యుమెంటరీలో ఊహకు ఎంత చోటు?

భీమిలి తీరం: విశాఖ దగ్గరి బౌద్ధ క్షేత్రాలైన తొట్లకొండ, బావికొండల మీద టెలివిజన్ కోసం అరగంట డాక్యుమెంటరీకి స్క్రిప్టు రాస్తున్నాను. 1988–93 తవ్వకాల్లో తొట్లకొండ మీద 9 శాతవాహన సీసపు నాణేలు, 5 రోమన్ వెండి నాణేలు దొరికాయి కనుక, రోమన్ ఓడ ఒకటి భీమిలి దగ్గర లంగరు వేసే దృశ్యంతో మొదలుపెట్టాను. ఇందులో మీకేమైనా అభ్యంతరం కనిపిస్తోందా?

సీతమ్మధార పాఠకుడు: ఉంది. నాణెం చేతులు మారుతూ ప్రయాణిస్తుంది. ఆ వెండి మరే రేవులోనో ఇక్కడి వర్తకుని చేతికి చిక్కి, ఆ తరువాత విహారానికి దానంగా కొండెక్కి ఉండవచ్చు. నాణేలు రుజువు చేసేది రోమ్‌తో ముడిపడిన వర్తకాన్నే తప్ప మన తీరానికి వచ్చిన ఓడను కాదు. ఓడను ఒకసారి తెర మీద చూపించాక, అది ఊహ అని వ్యాఖ్యానంలో ఎంత చెప్పినా ప్రేక్షకునికి గుర్తుండేది ఓడే.

ఎంవీపీ కాలనీ: ఛానెళ్లకు రాసిన అనుభవంతో చెబుతున్నాను, ఇటుకల వరుసలను అరగంట చూపిస్తే మొదటి విరామం రాకముందే రిమోట్ చేతిలోకి వస్తుంది.

సీతమ్మధార పాఠకుడు: ఇటుకలు చూపమని నేననలేదండీ. ఆసక్తి సందేహంలోనే ఉంది. బావికొండలో మట్టిపాత్రలో బూడిదతో పాటు దొరికిన ఎముక ముక్క బుద్ధునిదని చాలామంది నమ్ముతారు. 1892లో పురావస్తు శాస్త్రవేత్త అలెగ్జాండర్ రే తవ్విన భట్టిప్రోలు స్తూపంలోనైతే, దొరికిన అవశేషం బుద్ధుని ధాతువని, అంటే ఆయన శరీరానిదేనని, దాన్ని ఉంచిన పేటిక మీది శాసనమే చెబుతుంది. ఒకటి రాతపూర్వక ఆధారం, ఒకటి విశ్వాసం. ఈ రెండింటినీ పక్కపక్కన పెట్టి, ఏ నిర్ధారణ దేని మీద నిలిచిందో ప్రేక్షకునికి విప్పి చూపితే, ఓ నేరపరిశోధన కథలో ఉన్నంత బిగువు వస్తుంది. మన స్క్రిప్టులేమో రెండింటికీ ఒకే గంభీరమైన గొంతును తొడుగుతాయి.

ఎంవీపీ కాలనీ: ఎముక విషయంలో మీతో ఏకీభవిస్తాను, ఓడ విషయంలో కాదు. 2019 అక్టోబరు వర్షాలకు తొట్లకొండ మహాస్తూపం కూలితే తిరిగి కట్టారు కదా. కెమెరాకు ఇప్పుడు అక్కడ కనిపించేదీ చాలావరకు పునర్నిర్మాణమే. దాన్ని చూపేటప్పుడు ఎవరూ తెర మీద ఆ మాట వేయరు. మరి ఓడ ఒక్కటే చేసిన నేరమేమిటి?

సీతమ్మధార పాఠకుడు: స్తూపానికీ వేయవలసిందే.