“నాకు రాదు, నువ్వే వెయ్యి” అంటున్నాడు. డ్రాయింగ్ క్లాసులో చేర్పించాలా?

నిజాంపేట_అమ్మ:

మా బాబుకి నాలుగున్నరేళ్ళు, ఎల్‌కేజీ. దసరా సెలవుల ముందు దాకా చేతికి ఏది దొరికితే దానితో గీసేవాడు. కరెంటు బిల్లు వెనక, పాల లెక్క రాసుకునే క్యాలెండర్ మీద, ఫ్రిజ్ తలుపు మీద. ఇప్పుడు కాగితం ఇస్తే నా వైపు తోసేసి “నాకు రాదు, నువ్వే వెయ్యి” అంటున్నాడు. నేను వేస్తే చూసి ఊరుకుంటాడు, తను మాత్రం ముట్టుకోడు.

స్కూల్లో కలరింగ్ షీట్లు ఇస్తారు. అచ్చు వేసిన ఏనుగు, లోపల బూడిదరంగు నింపాలి. వీడు ఏనుగు మీదా, చుట్టూతా నీలం గీకేశాడు. ఏంట్రా అంటే “నీళ్ళు పోసుకుంటోంది” అన్నాడు. షీటు మీద ఎర్ర ఇంకుతో “నీట్‌గా వేయాలి” అని రాసి పంపారు. ఈ తోసేయడం ఆ తర్వాతే మొదలైంది.

ఇంకో బెంగ. అంతకుముందు వేసిన తాతయ్య బొమ్మలో తల నుంచే కాళ్ళు వచ్చాయి, పొట్టే లేదు, చేతులు చెవుల దగ్గర్నుంచి మొలిచాయి. అంతా నల్ల క్రేయానే. అది చూసి మా ఆడపడుచు “నల్లరంగే వాడుతున్నారంటే మనసులో ఏదో భయం ఉన్నట్టట, వీడియోలో చెప్పారు” అంది. అప్పటి నుంచి నాకు నిద్ర సరిగ్గా లేదు.

మా అపార్ట్‌మెంట్‌లో ఒకావిడ డ్రాయింగ్ క్లాసులు చెబుతున్నారు, నెలకి 1,200. చేర్పించమంటారా?

రైల్వేకోడూరు_నాన్న:

స్కూలు వాళ్ళది పూర్తిగా తప్పని నేననను అండీ. గీత దాటకుండా రంగు వేయడం వస్తేనే రేపు నాలుగు గీతల కాపీలో అక్షరాలు కుదురుగా రాస్తారు. మా పాపకి మేము బొమ్మ నీట్‌గా వేస్తే ఒక స్టార్ స్టిక్కర్ ఇస్తాం. పది స్టార్లకి చాక్లెట్. బాగానే పనిచేస్తోంది. చేర్పించండి, నష్టమేముంది?

పలాస_టీచరమ్మ:

అమ్మా, నేను అంగన్‌వాడీ టీచర్ని, మాది పలాస దగ్గర. ముందు నల్లరంగు సంగతి చెప్తాను, మీరు నిద్రపోవాలి కదా.

తెల్లకాగితం మీద నలుపు పడినట్టు ఇంకేదీ పడదు. పసుపుతో గీస్తే గీసినట్టే ఉండదు. ఈ వయసులో తను గీసింది తనకి కనబడడమే సంబరం. మా సెంటర్లో కొత్త డబ్బా తెరిస్తే ముందు అరిగిపోయేది నలుపే.

ఇక్కడ చాలామంది తల్లులు జీడిపిక్కలు కొట్టే పనికి వెళ్తారు. ఆ తొక్కలోని రసం అంటితే వేళ్ళు నల్లబడతాయి, చర్మం ఊడుతుంది, ఎంత తోమినా ఓ పట్టాన వదలదు. ఒక పాప వాళ్ళమ్మని వేసింది. ముఖం ఇంత, కాళ్ళు రెండు గీతలు, చేతులు మాత్రం చేటలంత. ఆ చేతుల్ని కాగితం చిరిగేదాకా నొక్కి నల్లగా నింపింది. సెంటరు చూడ్డానికి వచ్చిన ఒక మేడమ్ ఆ బొమ్మ తీసుకుని “ఈ పాపని ఇంట్లో కొడతారా?” అని నన్ను మెల్లిగా అడిగారు. నేను పాపనే అడిగాను. “మాయమ్మ చేతులలాగే ఉంటాయి టీచరమ్మా. అన్నం కలిపి పెడతాది” అంది. పాపకి అమ్మంటే ఆ చేతులే, అందుకే అంత పెద్దవి. నలుపు చూసి మేడమ్‌కి దెబ్బలు గుర్తొచ్చాయి, ఆ పిల్లకి అన్నం గుర్తొచ్చింది. అందుకే బొమ్మ చూసి జాతకం చెప్పే వీడియోలంటే నాకు ఒళ్ళు మంట. పిల్లాడు తిండి, నిద్ర, ఆట మానేసి ముడుచుకుపోతే డాక్టరుకి చూపించండి. క్రేయాన్ రంగు చూసి మాత్రం వద్దు.

తల నుంచి కాళ్ళు రావడం మీ వాడొక్కడికే కాదు. మూడు నాలుగేళ్ళ పిల్లలు మనిషిని సాధారణంగా ఇలాగే మొదలుపెడతారు. తాతయ్యకి పొట్ట ఉందని వాడికి తెలీక కాదు, ఎక్కి కూర్చునేది దాని మీదే కదా! “తాతయ్య బొడ్డు ఎక్కడ పెడదాం?” అని ఒకసారి అడిగి చూడండి. మా పిల్లల్లో కొందరు రెండు కాళ్ళ మధ్య చుక్క పెడతారు, కొందరు ఆ గుండ్రంలోనే నోటి కింద పెడతారు. అంటే ఆ గుండ్రం ఒక్క తలే అని మనం అనుకున్నాం తప్ప వాళ్ళు అనలేదు.

అసలు చిన్నపిల్లల గీతల్లో సగం బొమ్మలే కావు, పనులు. మా దగ్గర ఒక బుడతడు పలక మీద సుద్దముక్కతో గుండ్రంగా తిప్పుతూనే ఉంటాడు, నోటితో “డుగడుగడుగ” అంటూ. చివరికి పలకంతా తెల్లటి చిక్కు మిగులుతుంది. ఎవరైనా చూస్తే పిచ్చిగీతలంటారు. వాడు గీసింది ట్రాక్టర్ రూపాన్ని కాదు, ట్రాక్టర్ నడవడాన్ని. పక్కన కూర్చుని విన్నవాళ్ళకే ఆ బొమ్మ కనబడుతుంది. మీ ఏనుగు కూడా అంతే. అచ్చు ఏనుగు ఊరికే నిలబడి ఉంది, మీవాడు దాన్ని చెరువులోకి దింపాడు. ఆ షీటంతటిలో వాడి సొంతం అనదగ్గది ఆ నీలమే, ఎర్ర ఇంకు పడింది సరిగ్గా దాని మీదే.

ఇప్పుడు మీరు చేయాల్సింది. వాడి బదులు మీరు వేయకండి. మీ గీత తిన్నగా ఉంటుంది, వాడిది ఉండదు, ఆ తేడా వాడికి ఇప్పటికే తెలిసిపోయింది. కొన్నాళ్ళు కాగితం, పెన్సిలు పక్కన పెట్టేయండి. మగ్గుతో నీళ్ళు, పాత పెయింట్ బ్రష్ ఇచ్చి బాల్కనీ గచ్చు మీద వదలండి. ఎండకి ఆరిపోతుంది, ఎవరూ ఎర్ర ఇంకుతో దిద్దలేరు. చపాతీ పిండి ముద్ద ఇవ్వండి. బెండకాయ తొడిమ కోసి పసుపులో ముంచి అద్దించండి. మీరు ముగ్గు వేస్తుంటే గుప్పెడు పిండి ఇచ్చి పక్కన ఒక మూల వాడికి వదిలేయండి, చుక్కలు దిద్దమని మాత్రం అనకండి.

మళ్ళీ గీయడం మొదలుపెట్టాక “ఇదేంటి?” అని అడక్కండి. ఆ ప్రశ్నకి పిల్లలు మనల్ని సంతోషపెట్టడానికి ఏదో ఒక పేరు చెప్పేస్తారు. “దీని గురించి చెప్పు” అనండి. చెప్పింది చెప్పినట్టు వాడి మాటల్లోనే బొమ్మ వెనక రాయండి, తేదీ వేయండి. మాటలు దిద్దకండి, “పోసుకుంతోంది” అంటే అలాగే రాయండి. రాత్రి దాన్ని వాడికి చదివి వినిపించండి.

డ్రాయింగ్ క్లాసు ఇప్పుడే వద్దంటాను. చాలా క్లాసుల్లో నేర్పేది మనందరికీ నేర్పిన ఆ ఒక్క బొమ్మే. రెండు కొండలు, మధ్యలో సూర్యుడు, కింద ఏరు, ఒక గుడిసె, కొబ్బరిచెట్టు, ఆకాశంలో నాలుగు టిక్కుమార్కు పిట్టలు. పలాసలో కొండ మధ్యన సూర్యుడు పుట్టడం నేనెప్పుడూ చూడలేదు. మాకు తూరుపంటే సముద్రమే.

కోడూరు బాబూ, గీత లోపల రంగు వేయడం పాపమేమీ కాదు. అది వేళ్ళకి కసరత్తు, ఓపిక ఉన్న పిల్లలకి సరదా కూడా. కానీ దాన్ని బొమ్మ గీయడం అనకూడదు. వేళ్ళ పట్టుకే అయితే చింతగింజలు ఏరడం, పిండి పిసకడం, పూసలు గుచ్చడం దానికన్నా బాగా పనిచేస్తాయి.

డీఎడ్_కుర్రాడు:

స్టార్ స్టిక్కర్ల గురించి ఒక మాట. 1973లో లెప్పర్, గ్రీన్, నిస్బెట్ అనే ముగ్గురు అమెరికాలో స్టాన్‌ఫర్డ్ యూనివర్సిటీ నర్సరీలో ఒక పరీక్ష చేశారు. స్కెచ్ పెన్నులతో బొమ్మలేయడం ముందే ఇష్టమున్న పిల్లల్ని తీసుకున్నారు. కొందరికి “బొమ్మ వేస్తే సర్టిఫికెట్ ఇస్తాం” అని ముందే చెప్పారు, రిబ్బను కట్టిన సర్టిఫికెట్. కొందరికి చెప్పకుండా చివర్లో ఇచ్చారు. మిగతావాళ్ళకి ఏమీ లేదు. కొద్దిరోజుల తర్వాత అవే పెన్నులు ఊరికే బల్ల మీద పెట్టి చూస్తే, ముందే ఆశ పెట్టినవాళ్ళు మిగతా పిల్లలు గీసినంతలో దాదాపు సగం సేపే గీశారు. చెప్పకుండా ఇచ్చినవాళ్ళలో ఆ తగ్గుదల లేదు. కాబట్టి అన్నా, స్టిక్కర్ పనిచేస్తోంది అనేది నిజమే అయ్యుండొచ్చు. స్టిక్కర్లు ఆపేశాక కూడా పాప గీస్తోందా అన్నది చూడాలి.

అక్కా, స్కూలుతో మాట్లాడాలనుకుంటే గొడవలా కాకుండా ఇలా అడగండి. 2022లో వచ్చిన ఫౌండేషనల్ దశ జాతీయ పాఠ్యప్రణాళిక చట్రం 3 నుంచి 8 ఏళ్ళ పిల్లలకి సంబంధించింది. అందులో భాష, లెక్కల లాంటివాటితో పాటు కళా సాంస్కృతిక వికాసం కూడా విడిగా ఒక రంగం. “వారంలో ఒక్క షీటైనా ఖాళీ కాగితం ఇవ్వగలరా?” అని అడగండి. ఖాళీ కాగితానికి ప్రింటింగ్ ఖర్చు కూడా లేదు కదా.

రైల్వేకోడూరు_నాన్న:

స్టిక్కర్లు ఆపితే ఇంట్లో యుద్ధమే. అయినా చూస్తాను తమ్ముడూ. టీచరమ్మ గారూ, ఖాళీ కాగితం ఇస్తే మా పాప ఆ కొండల బొమ్మే వేస్తుందండీ, ఎవరు నేర్పారో కూడా తెలీదు. దానికేం చేయాలి?

పలాస_టీచరమ్మ:

వేయనివ్వండి బాబూ. వేశాక “ఆ గుడిసెలో ఎవరున్నారు, ఇప్పుడు ఏం చేస్తున్నారు?” అని అడగండి. కాగితం చాలకపోతే ఇంకోటి అతికించండి. తలుపు తెరిస్తే లోపల మీ ఇల్లే ఉండొచ్చు.

నిజాంపేట_అమ్మ:

టీచరమ్మ గారూ, మీరు చెప్పినట్టు నీళ్ళు, బ్రష్ ఇచ్చాను. బాల్కనీలో గంటసేపు ఉన్నాడు. గచ్చంతా తడిపేసి “ఇది మెట్రో” అన్నాడు, ఆరిపోతుంటే “స్టేషన్ వెళ్ళిపోయింది” అన్నాడు. రాసి పెట్టాను. బొడ్డు సంగతి కూడా అడిగాను. నా వైపు అదోలా చూసి తాతయ్య దగ్గరికెళ్ళి చొక్కా పైకెత్తి వెతికాడు. బొమ్మలో మాత్రం ఇంకా పెట్టలేదు.

ఇప్పుడు కొత్త సమస్య. నిన్న సాయంత్రం హాల్లో సోఫా వెనక గోడ మీద క్రేయాన్‌తో ఇంకో మెట్రో వేశాడు, ఈసారి ఆరిపోయేది కాదు. అద్దె ఇల్లు. ఓనర్ ఆంటీ ఒకటో తారీకున వస్తారు. దాన్ని పోగొట్టే ఉపాయం ఎవరికైనా తెలుసా?

పలాస_టీచరమ్మ:

తడిగుడ్డ మీద కాస్త తినే సోడా అద్ది మెల్లగా రుద్దండి. గట్టిగా తోమితే గోడరంగు కూడా ఊడొస్తుంది, ముందు సోఫా చాటున ఓ మూల చూసుకోండి. తుడిచేముందు ఫోటో తీసుకోండి. ఆ తర్వాత వాడి ఎత్తున గోడకి పాత క్యాలెండర్లు తిరగేసి అంటించండి, నాలుగైదు వరసగా. మెట్రోకి పట్టాలు పొడుగ్గా కావాలి.