9 టెరాబైట్ల హరికథల సేకరణకు ఎలాంటి ఎక్స్‌టర్నల్ డిస్కు తీసుకోవాలి?

విశాఖపట్నంలో, సముద్రానికి దగ్గరగా పెదవాల్తేరులో ఉంటున్నాను. పాత క్యాసెట్ల నుంచి మార్చుకున్న హరికథలు, బుర్రకథల ఆడియో, వీడియోలు కలిపి 9 టెరాబైట్లున్నాయి. వీటిలో చాలావాటికి మరో ప్రతి ఎక్కడా లేదు, నా దిగులంతా అదే.

ఇవి యూఎస్‌బీతోనే నడిచే 5 టెరాబైట్ల 2.5 అంగుళాల డిస్కులు రెండింటిలో చెరిసగం ఉన్నాయి. కాపీ మొదలుపెట్టినప్పుడు సెకనుకు 120 మెగాబైట్లుండే వేగం, దాదాపు 150 గిగాబైట్లు దాటాక 15కు పడిపోతోంది. పావుగంట ఆపితే మళ్లీ పుంజుకుంటోంది. కేబుల్ మార్చాను, వేరే కంప్యూటర్‌కు తగిలించాను, ఒకదాన్ని ఖాళీ చేసి ఎక్స్‌ఫ్యాట్ బదులు ఎన్‌టీఎఫ్‌ఎస్‌తో ఫార్మాట్ చేశాను. డిస్కు తన ఆరోగ్యం గురించి తానే నమోదు చేసుకునే స్మార్ట్ వివరాల్లోనూ దోషం కనిపించలేదు. డిస్కుపై డేటా ట్రాకులను ఒకదానిపై ఒకటి కొంత కప్పుతూ రాసే ఎస్‌ఎంఆర్ పద్ధతే కారణమనుకుంటున్నాను. సిలికా జెల్ పొట్లాలు వేసిన డబ్బాలో దాచినా, ఉప్పుగాలికి ఒక డిస్కు సాకెట్ అంచున ఎర్రటి తుప్పు గీత వచ్చింది.

వారానికోసారి మాత్రమే తీసే రెండు పూర్తి ప్రతుల కోసం, విడి అడాప్టర్‌తో నడిచే 3.5 అంగుళాల 12 టెరాబైట్ల ఎక్స్‌టర్నల్ డిస్కులు కొనడం మేలా, లేక ట్రాకులు ఒకదానిపై ఒకటి పడకుండా రాసే సీఎంఆర్ ఇంటర్నల్ డిస్కులు కొని, వాటిని యూఎస్‌బీతో కంప్యూటర్‌కు కలిపే డాక్‌లో పెట్టుకోవడం మేలా? తీరప్రాంతంలో వాడి చూసినవారు దయచేసి చెప్పగలరా?