పదో తరగతికి పుట్టుక డాక్యుమెంటరీ: ప్రసవం సీన్ ఉంచాలా, తీసేయాలా?

రాజోలు బయాలజీ టీచర్:
మాది రాజోలు దగ్గర హైస్కూల్ అండి. ప్రత్యుత్పత్తి పాఠానికి 1983 నాటి 'ది మిరకిల్ ఆఫ్ లైఫ్' వేద్దామనుకుంటున్నాను. అండం ఫలోపియన్ నాళంలోకి రావడం, శుక్రకణాలు దాన్ని చేరడం బోర్డు మీద బొమ్మ గీసి ఎంత చెప్పినా అలా రాదు. చిక్కల్లా చివర్లో ప్రసవం దగ్గరే. దాచకుండా చూపిస్తారు. "ఎందుకండీ మేడం మీకీ గొడవ, ఊళ్లోవాళ్లు వచ్చి కూర్చుంటారు" అంటున్నారు స్టాఫ్‌రూమ్‌లో. గేదె ఎదకొచ్చిందనీ, చూడి కట్టిందనీ పిల్లల ముందే మాట్లాడుకునే ఇళ్లే ఇవన్నీ! మీలో ఎవరైనా క్లాసులో చూపించారా?

రిటైర్డ్ ఏఎన్ఎం, అమలాపురం:
చూపించండి మేడం. గంటసేపూ ఏకబిగిన మాత్రం వేయకండి. నేను కిశోర బాలికలకు ఇలాంటివి వేసినప్పుడు సౌండ్ తీసేసి తెలుగులో చెప్పేదాన్ని. ఇంగ్లీషు అర్థం కాకపోతే పిల్లలు ముసిముసి నవ్వులు మొదలెడతారు. మాయ, బొడ్డుతాడు వచ్చినచోట ఆపండి. తల్లి రక్తం, బిడ్డ రక్తం కలవవనీ, మాయలోని పలచటి పొరల గుండా ఆక్సిజన్, పోషకాలు దాటతాయనీ చెప్తే పెద్దవాళ్లు కూడా "అవునా!" అనేవారు.

మగబిడ్డ కావడానికి కావాల్సిన వై క్రోమోజోమ్ తండ్రి నుంచే వస్తుందన్నది గట్టిగా చెప్పండి. ఆడపిల్ల పుట్టిందని కోడల్ని ఆడిపోసుకునే అత్తగార్లు మన కోనసీమలోనూ తక్కువేం లేరు.

ఆడపిల్లల్ని విడిగా కూర్చోబెట్టొద్దు. పిల్ల పెద్దమనిషైతే చిమ్మిలి ముద్ద చేతిలో పెట్టి, ఊరంతా పిలిచి ఫంక్షన్ చేస్తాం. ఆ రక్తం ఎందుకొచ్చిందో పిల్లకే చెప్పం. ఇక పక్క బెంచీ అబ్బాయికి ఎవరు చెప్తారు? భోజనానికి మాత్రం వస్తాడు.

భీమవరం ఫొటోగ్రాఫర్:
ఆ డాక్యుమెంటరీలో కెమెరా పని లెన్నార్ట్ నిల్సన్‌ది. 1965లో 'లైఫ్' పత్రికలో వచ్చిన ఆయన పిండం ఫొటోలు ప్రపంచమంతా తిరిగాయి. వాటిలో చాలావరకు గర్భం నుంచి బయటకు తీసిన పిండాలవే. ఇంటర్నెట్‌లో కడుపులోని బిడ్డ అని తిప్పుతుంటారు. పిల్లలకు ఆ ముక్క కూడా చెప్పండి మేడం.

రాజోలు బయాలజీ టీచర్:
ఈ సంగతి తెలియదండి, థాంక్స్. మరి ప్రసవం సీన్?

రిటైర్డ్ ఏఎన్ఎం, అమలాపురం:
ముందు తల్లులను పిలిచి వాళ్లకే వేయండి. కన్నవాళ్లకి ఆ సీన్ కొత్తేం కాదు. వాళ్లు సరేనంటే ఊళ్లో ఇంకెవరు మాట్లాడతారు?

రాజోలు బయాలజీ టీచర్:
శనివారం మీటింగ్ పెట్టాను. వీడియో వేసే ప్యానెల్ ఉన్న గది తాళం ఇస్తానన్నారు హెచ్ఎం గారు. తాను మాత్రం ఆ టైముకి ఎంఈఓ ఆఫీసులో ఉంటారట.