గర్భంతో ఉన్న కోతుల మీద మాయ పరిశోధన: ఒప్పా, తప్పా?

బ్రాడీపేట_అమ్మాయి: నేను గుంటూరులో బీఎస్సీ జువాలజీ రెండో సంవత్సరం. మొన్న క్లాసులో మాయ గురించి, అంటే కడుపులో బిడ్డను తల్లికి కలిపే ప్లాసెంటా గురించి సెమినార్ ఇచ్చాను. కడుపుతో ఉన్న రీసస్ కోతులకు మత్తిచ్చి స్కాన్ తీస్తారని, కొన్నిటికి నెలలు నిండకముందే ఆపరేషన్ చేసి మాయనూ పిల్లనూ బయటికి తీసి పరీక్షిస్తారని చెప్పగానే సగం క్లాసు నా మీద పడింది. మీరేమంటారు?

కొండమెట్లు: తప్పు. ఇందులో ఆలోచించడానికి ఏముంది?

జువాలజీ_మాస్టారు: ఉంది బాబూ. ఎలుక ఇరవై రోజులకే ఈనుతుంది, దాని మాయ అల్లికే వేరు. రీసస్ కోతి సుమారు 165 రోజులు మోస్తుంది. మనలాగే దాని మాయలోని వేళ్లలాంటి పోగులు తల్లి రక్తంలో నేరుగా మునిగి ఉంటాయి. తల్లిలోని యాంటీబాడీలు మనలాగే మాయ దాటి పిల్లకు చేరతాయి. గర్భిణులు కూడా వాడిన థాలిడోమైడ్ మందు సంగతి తెలుసుగా? 1957లో జర్మనీలో అమ్మకానికి వచ్చింది, 1961లో ఆపేశారు. ఈలోగా వేలమంది పిల్లలు చేతులూ కాళ్లూ సరిగా లేకుండా పుట్టారు. ఎలుకల్లో ఆ లోపాలు దాదాపు కనపడవు. కోతుల్లో మాత్రం మనుషుల్లో వచ్చినట్టే వచ్చాయి.

కొండమెట్లు: ‘మనలాగే’ అనకండి మాస్టారూ. రీసస్ కోతి మాయ సాధారణంగా రెండు బిళ్లలు. మనది ఒకటే.

జువాలజీ_మాస్టారు: రెండు బిళ్లలైనా చేసే పని ఒకటే. బబూన్ అనే పెద్ద కోతికి మనలాగే ఒకటే బిళ్ల.

కొండమెట్లు: నేనడిగింది రీసస్ గురించి. రెండా, కాదా?

జువాలజీ_మాస్టారు: రెండే. అయితే?

కృష్ణలంక_కుర్రాడు: బిళ్లల లెక్క ఆపి అసలు విషయానికి రండి ఇద్దరూ.

కొండమెట్లు: అసలు విషయమే ఇది. మనిషి పిండం గర్భసంచి గోడలోకి పూర్తిగా దిగబడుతుంది. రీసస్ పిండం పైపైనే అతుక్కుంటుంది. ప్రెగ్నెన్సీ టెస్టులో చూసే హెచ్‌సీజీ హార్మోన్ మనకు కాన్పు దాకా ఉంటుంది, రీసస్‌లో అలాంటి హార్మోన్ నలభై రోజులకల్లా కనుమరుగవుతుంది. కడుపుతో ఉన్నవాళ్లకు బీపీ పెరిగి ఫిట్స్ దాకా వెళ్లే గుర్రపువాతం ఈ కోతులకు మామూలుగా రాదు. అందుకే బబూన్ గర్భసంచికి రక్తం తెచ్చే నాళాన్ని కట్టేసి బీపీ తెప్పించారు. లేని రోగాన్ని కోసి తెప్పించి, దాని మీద పేపర్లు రాశారు!

జువాలజీ_మాస్టారు: పేపర్లతో ఆగలేదు. మాయకు రక్తం తగ్గితే అందులోంచి ఒక ప్రోటీన్ ఎక్కువగా తల్లి రక్తంలోకి చేరి బీపీ పెంచుతుందని అలాంటి బబూన్లలోనూ తేలింది. ఆ ప్రోటీన్ తయారీని తగ్గించే మందు బబూన్లకిస్తే బీపీ తగ్గిందని 2018లో ప్రచురించారు. ఇంకా మనదాకా రాలేదు, కానీ దారి కనపడింది.

లబ్బీపేట_అక్క: ఇంతసేపూ చదివి ఊరుకున్నాను. నాకు ఎనిమిదో నెల మొదట్లో కాళ్లు, మొహం ఉబ్బాయి. బెజవాడలోనే ఒక ఆస్పత్రికి వెళ్తే ‘కడుపుతో ఉన్నవాళ్లకు మామూలే’ అని బీపీ కూడా చూడకుండా పంపేశారు. ఆ రాత్రి ఫిట్స్. ఆపరేషన్ చేసి తీస్తే బాబు కిలో నూరు గ్రాములు. నాలుగు రోజులు ఉన్నాడు. మాయను స్టీలు ట్రేలో పెట్టారట. అరచేతి మందం ఉండాల్సింది కుంచించుకుపోయి, మధ్యలో గట్టిగా తెల్ల మచ్చలు. మా అమ్మ చూసి ‘ఇదేంటమ్మా’ అని అడిగేలోపు ఆస్పత్రి చెత్త వేసే పసుపు రంగు సంచిలో వేసేశారు.

కొండమెట్లు: బాధగా ఉందక్కా. కానీ మీకు కావలసింది బీపీ మిషన్, కోతి కాదు.

కృష్ణలంక_కుర్రాడు: అన్నా, ఆ మాట అనాల్సింది కాదు.

లబ్బీపేట_అక్క: బీపీ చూసుంటే ఏం చేసేవాళ్లు తమ్ముడూ? బీపీకి, ఫిట్స్‌కి మందులున్నాయి. అసలు జబ్బు పోవాలంటే మాత్రం మాయ బయటికి రావలసిందే. అంటే కాన్పు చెయ్యాలి. నేను ముందే బతికి బయటపడేదాన్నేమో, బాబుకు నెలలు నిండేవా? రెండోసారి కడుపుతో ఉన్నప్పుడు ప్రతి మాత్రకూ టెన్షనే. కవరు మీద ఒకటే మాట: గర్భిణుల్లో పరీక్షించలేదు. ఎవరి మీదా చూడకపోతే చివరికి చూసేది మా మీదే.

కొండమెట్లు: నాదీ వినండి. ఇంద్రకీలాద్రి మెట్ల దగ్గర కోతులకు ఏళ్ల తరబడి నీళ్లు పెడుతున్నాను. ఒక తల్లికోతి చచ్చిన పిల్లను నాలుగు రోజులు మోసింది. ఎండిపోయి తోలులా అయింది. అయినా ఒళ్లో పడుకోబెట్టుకుని దాని వెంట్రుకలు పాయలు తీసి పేలు చూసేది. అరటిపండు పెడితే ఒక చేత్తోనే అందుకునేది, రెండో చెయ్యి పిల్ల మీద నుంచి తీసేది కాదు. అలాంటి తల్లి కడుపు కోసి పిల్లను తీస్తారని చదివితే నాకు నిద్ర పట్టదు.

లబ్బీపేట_అక్క: ఇందాకటి దాకా అది మనలాంటిది కాదన్నావు. ఇప్పుడు మనలాంటిదే అంటున్నావు.

కొండమెట్లు: అవునక్కా. బిళ్లల మాట వదిలేస్తున్నాను. మనలాంటిది కాబట్టే వద్దంటున్నాను.

జువాలజీ_మాస్టారు: మనలాంటిది కాబట్టే దానితో పని పడుతోంది. ఆ ముక్క నాకూ మింగుడు పడదు. 1978లో రీసస్ కోతుల ఎగుమతిని మన దేశం ఆపేసినప్పుడు సంతోషించినవాణ్ణే. అయినా మొదటి వారాల్లో మాయ ఎలా వేళ్లూనుకుంటుందో బతికున్న గర్భిణిలో కోసి చూడలేం. కాన్పు తర్వాత దొరికే మాయ చివరి అధ్యాయమే.

బ్రాడీపేట_అమ్మాయి: 2018లో మనిషి మాయ కణాలతోనే ల్యాబులో బుల్లి మాయలు పెంచారు కదా సార్? వాటితో సరిపోదా?

జువాలజీ_మాస్టారు: కొంతవరకు సరిపోతుంది తల్లీ. అంతవరకు కోతిని ముట్టుకోకూడదనే నేనూ అంటాను. కానీ వాటికి తల్లి రక్తప్రసరణ ఉండదు, బీపీ ఉండదు.

బ్రాడీపేట_అమ్మాయి: మరి పసుపు సంచిలో వేసే మాయల్ని పరీక్షకు తీసుకోవచ్చా?

జువాలజీ_మాస్టారు: ఆస్పత్రి ఎథిక్స్ కమిటీ ఒప్పుకోవాలి. తల్లి సంతకం కావాలి.

లబ్బీపేట_అక్క: అడిగుంటే పెట్టేదాన్ని. నన్నెవరూ అడగలేదు.

కొండమెట్లు: అక్కా, బీపీ మిషన్ మాటకు క్షమించండి. కోతుల విషయంలో మాత్రం నా మాట మారదు.