కొత్త సర్జన్ దగ్గరికొచ్చిన దవడ నాన్‌యూనియన్‌కి ఏడో క్యారెక్టర్ ‘ఏ’నా, ‘కే’నా?

దవడకోణం:
కేసు ఇదీ. ఎడమ దవడ కోణం విరిగితే వేరే ఆసుపత్రిలో ప్లేటు వేశారు. 4 నెలలైనా ఎముక అతకలేదు, అంటే నాన్‌యూనియన్. ఇప్పుడు కొత్త సర్జన్ వదులైన ప్లేటు తీసేసి, విరుపు మధ్యలో పెరిగిన పీచు కణజాలం గీకేసి, తుంటి నుంచి తీసిన ఎముక ముక్క (గ్రాఫ్ట్) పెట్టి, రీకన్‌స్ట్రక్షన్ ప్లేటు బిగించారు. బీమా క్లెయిమ్ కోసం కోడర్ అమెరికా రోగనిర్ధారణ కోడ్‌ల పద్ధతి ఐసీడీ-10-సీఎంలో ఎస్02.652ఏ వేస్తే ఆడిటర్ దాన్ని ఎస్02.652కే అని మార్చారు. చివరి అక్షరమే ఏడో క్యారెక్టర్, వైద్యం ఏ దశలో ఉందో చెబుతుంది; ‘కే’ అంటే నాన్‌యూనియన్‌కి తర్వాతి (సబ్‌సీక్వెంట్) వైద్యం. నా ఓటు ‘ఏ’కే. ‘ఏ’ అంటే మొదటి విజిట్ అని కాదు, యాక్టివ్ ట్రీట్‌మెంట్ అని. ఆపరేషనే యాక్టివ్ కాకపోతే ఇంకేది యాక్టివ్?

ఎరుపుసిరా:
యాక్టివ్ సరే, దేనికి యాక్టివ్? విరుపుకి చేసే వైద్యానికి ‘ఏ’. విరుపు అతకకపోవడం కాంప్లికేషన్. ఐసీడీ-10-సీఎం గైడ్‌లైన్స్‌లో 19వ అధ్యాయం ఫ్రాక్చర్ల భాగం దీన్ని విడిగా చెబుతుంది: మాల్‌యూనియన్ (వంకరగా అతకడం), నాన్‌యూనియన్ లాంటి వాటికి చేసే వైద్యానికి సబ్‌సీక్వెంట్ క్యారెక్టరే వేయాలి. ఆపరేషన్ చేశారా, మందులతో సరిపెట్టారా, డాక్టర్ పాతా కొత్తా అన్నది అక్కడ లెక్కలోకే రాదు.

పైగా ‘ఏ’ వేస్తే క్లెయిమ్‌లో నాన్‌యూనియన్ అన్న మాటే ఉండదు. చూసేవాళ్లకి అది నిన్న విరిగిన దవడ. మరి గ్రాఫ్ట్ ఎందుకు పెట్టారని అడగరా? ఈ వైద్యం అవసరమే లేదని బీమావాళ్లు తిరస్కరించడాన్ని (మెడికల్ నెసెసిటీ డినయల్) మనమే పిలిచి పీట వేసినట్టు.

సగంవాక్యం:
ఇద్దరూ ఒక వాక్యం వదిలేస్తున్నారు. విరుపుకి గానీ నాన్‌యూనియన్‌కి గానీ వైద్యం కోసం ఆలస్యంగా వచ్చిన పేషెంట్‌కి ఇనిషియల్ క్యారెక్టర్ (‘ఏ’ లాంటిది) వేయమని అదే భాగంలో ఉంది. నాన్‌యూనియన్ అన్న మాట అక్కడ స్పష్టంగా ఉంది మరి. ఈ గొడవంతా ఆ ఒక్క మాట వల్లే.

నేను చదివే పద్ధతి ఇదీ. దెబ్బ తగిలాక ఎవరికీ చూపించుకోకుండా, అతకని దవడతో మొదటిసారి వస్తే ‘ఏ’. ఇదివరకు ప్లేటో, దంతాలకు వైరింగో చేసి అది ఫలించకపోతే ‘కే’. పై కేసులో ప్లేటు ఉంది కాబట్టి ‘కే’.

దవడకోణం:
ఒప్పుకుంటాను, ఈ కేసు వరకే. మరి మధ్యరకం సంగతేంటి? వైరింగ్ చేయించుకుని, 2 వారాలకే తీయించుకుని, 8 నెలలు ఎవరి ముఖమూ చూడని పేషెంట్? విరుపుకి వైద్యం సమయానికే అందింది. ఆలస్యం చేసింది నాన్‌యూనియన్‌కి. వాక్యాన్ని ఉన్నదున్నట్టు చదివితే ఇక్కడ ‘ఏ’నే.

ఎరుపుసిరా:
అలా చదివితే ఫాలోఅప్ ఎగ్గొట్టిన ప్రతివాడికీ ‘ఏ’ వేయాల్సి వస్తుంది, ‘కే’కి మిగిలేది ఏమీ ఉండదు. ఒకసారి వైద్యం మొదలైతే తర్వాతిదంతా సబ్‌సీక్వెంట్. నేనైతే ‘కే’ వేసి, పాత వైద్యం ఎప్పుడు ఏం జరిగిందో నోట్‌లో ఉందా లేదా చూస్తాను. అది లేకపోతే ఏ అక్షరం వేసినా ఆడిట్‌లో నిలబడదు.

ప్లేటూస్క్రూ:
అక్షరం గోలలో పడి ప్లేటుని మర్చిపోయారు. ప్లేటు విరిగితే టీ84.218ఏ, చోటు తప్పితే టీ84.228ఏ, చీము పడితే టీ84.69ఎక్స్‌ఏ. ఇక్కడ ‘ఏ’ సరైనదే, ఎందుకంటే ఆ కోడ్ చెప్పే సమస్యకి వైద్యం ఇప్పుడే జరుగుతోంది. ఒకే క్లెయిమ్‌లో విరుపుకి ‘కే’, ప్లేటుకి ‘ఏ’ పక్కపక్కన ఉంటే తప్పేమీ కాదు. సాఫ్ట్‌వేర్ కన్నెర్ర చేసిందని రెండింటినీ ఒకటి చేయకండి.

కొత్తకోడర్:
దవడ విరుపులు నోట్లోకి తెరుచుకుని ఉంటాయి కదండీ, ఓపెన్ నాన్‌యూనియన్‌కి ‘ఎం’ వేయాలా?

సగంవాక్యం:
లేదండీ. ‘ఎం’, ‘ఎన్’ తొడ ఎముక లాంటి పొడవాటి ఎముకలకి. ఎస్02కి (తల, ముఖ ఎముకల విరుపులు) ఉన్నవి ఆరే: ఏ (క్లోజ్డ్ విరుపుకి ఇనిషియల్), బీ (ఓపెన్ విరుపుకి ఇనిషియల్), డీ (మామూలుగా అతుకుతుంటే), జీ (ఆలస్యంగా అతుకుతుంటే), కే, ఎస్ (పాత విరుపు మిగిల్చిన ఇబ్బందికి). ఓపెన్ అయినా క్లోజ్డ్ అయినా అతకకపోతే ఒకే ‘కే’. ఇక్కడ మాల్‌యూనియన్‌కి వేసే ‘పీ’ కూడా లేదు, కాబట్టి వంకరగా అతికిన దవడకి అలవాటుకొద్దీ ‘పీ’ తగిలిస్తే కోడ్ చెల్లదు. మాల్‌యూనియన్ వల్ల ఇప్పుడున్న ఇబ్బందిని ముందు రాయాలి: పళ్ల కలయిక చెడితే ఎం26 వర్గం, చెంప ఎముక లోపలికి పోయి ముఖం ఆకారం మారితే ఎం95.2. ఆ తర్వాత పాత విరుపు కోడ్ ‘ఎస్’తో.

ఇంకొకటి, ‘కే’ ఏడో స్థానంలోనే పడాలి. గడ్డం మధ్య విరుపుకి ఎస్02.66ఎక్స్‌కే, ముక్కు ఎముకకి ఎస్02.2ఎక్స్‌ఎక్స్‌కే. ఖాళీ స్థానం నింపే ‘ఎక్స్’ మింగేస్తే క్లెయిమ్ గుమ్మం దాటదు.

దవడకోణం:
సీపీటీ, అంటే చేసిన ఆపరేషన్‌ని చెప్పే కోడ్‌ల మాటేంటి? తొడ ఎముక నాన్‌యూనియన్‌కి 27470, 27472 ఉన్నాయి. దవడకి అలాంటిది లేదు. నేను 21461, 21215 (దవడకి ఎముక గ్రాఫ్ట్) వేస్తాను.

ఎరుపుసిరా:
21461 ఫ్రాక్చర్‌కి ఓపెన్ ట్రీట్‌మెంట్. నాన్‌యూనియన్ రిపేర్‌ని అందులో ఇరికించడం నాకు నచ్చదు. ప్రత్యేక కోడ్ లేని ఆపరేషన్లకి వాడే అన్‌లిస్టెడ్ 21299 వేసి, పోలిక కోడ్‌గా 21461 చూపించి, ఆపరేషన్ నోట్ జతచేయడం నిజాయితీ. డబ్బు ఆలస్యంగా వస్తుంది, నిజమే.

ప్లేటూస్క్రూ:
ఆ తగవులో నేను దూరను. కానీ ఇద్దరికీ వర్తించే రెండు పొరపాట్లున్నాయి. 21215లో గ్రాఫ్ట్ తీయడం కలిసే ఉంది, తుంటి కోతకి 20902 విడిగా వేయకూడదు. పాత ప్లేటు అదే చోట అడ్డొచ్చి తీశారు కాబట్టి 20680 కూడా రాదు. మొదటి ఆపరేషన్ చేసిన సర్జనే 90 రోజుల్లోపు అనుకోకుండా మళ్లీ ఆపరేషన్ థియేటర్‌కి తీసుకెళ్తే కోడ్‌కి తగిలించే గుర్తు మాడిఫయర్ 78. ఈ కేసులో డాక్టరూ వేరు, గడువూ దాటింది.

కొత్తకోడర్:
నోట్‌లో “కోణం దగ్గర కదలిక ఉంది, స్క్రూల చుట్టూ ఎముక కరిగింది” అని మాత్రమే ఉంటే?

ఎరుపుసిరా:
దాన్నిబట్టి మీరు ‘కే’ వేయకూడదు, నెలలు లెక్కపెట్టి అసలు వేయకూడదు. చాలామంది చెప్పే 9 నెలల లెక్క పొడవాటి ఎముకలది. సర్జన్‌కి క్వెరీ పెట్టండి: ఆ రెండు లక్షణాలు రాసి, ఆలస్యంగా అతుకుతోందా, నాన్‌యూనియనా, మరొకటా, ఇప్పుడే చెప్పలేరా అని అడగండి. “నాన్‌యూనియన్ అని రాయగలరా” అని అడిగితే అది లీడింగ్ క్వెరీ, జవాబు మనమే అందించినట్టు. ఆలస్యం అంటే ‘జీ’, నాన్‌యూనియన్ అంటే ‘కే’. ‘కే’ వచ్చాక ప్రమాదం కోడ్‌కి ‘డీ’ పెట్టడం మర్చిపోకండి, ప్రమాదం జరిగిన చోటు చెప్పే వై92 మాత్రం మళ్లీ వేయొద్దు, అది మొదటి ఎన్‌కౌంటర్‌కే.