సర్పంచ్ ఏకగ్రీవం: ఊరి ఐక్యతా, వేలంపాటా?

హన్మకొండ_చౌరస్తా:
పంచాయతీ ఎన్నికలప్పుడు మా అమ్మమ్మ వాళ్ల ఊళ్లో జరిగింది చెప్తాను. ఊరి పేరు రాయను, రాస్తే దసరాకు నన్ను రానివ్వరు. నామినేషన్లు మొదలు కాకముందే పెద్దమనుషులు హనుమాన్ గుడి దగ్గర కూర్చున్నారు. గుడి ప్రహరీకి, బొడ్రాయి పండుగకు ఎవరు ఎక్కువ ఇస్తే వాళ్లే సర్పంచ్ అని మాట అనుకున్నారు. పాట 5 లక్షల దగ్గర మొదలై 18 లక్షల దగ్గర ఆగింది. మిగతావాళ్లెవరూ నామినేషన్ వేయలేదు. ఆ ఊరే ఆదర్శమని అందరూ మెచ్చుకున్నారు. అమ్మమ్మను అడిగితే, "లైన్ల నిలబడే బాధ తప్పింది బిడ్డా, కానీ ఈసారి చీర రాలేదు" అంది.
దీన్ని ప్రజాస్వామ్యం అనొచ్చా? గొడవకు కాదు, నిజంగానే అడుగుతున్నాను.

పరకాల_పత్తిరైతు:
తమ్మీ, నువ్వు హన్మకొండలో కూర్చొని అడుగుతున్నావు. పోటీ జరిగిన ఊళ్లో ఏమవుతుందో నన్నడుగు. మా దగ్గర సొంత అన్నదమ్ములు ఎదురెదురుగా నిలబడ్డారు. ఓడినాయన రెండెకరాలు అమ్ముకున్నాడు. ఇప్పటికీ ఒకరింట్లో చావైతే ఇంకొకరు గడప తొక్కరు. పత్తి ఏరడానికి కూలీలు కూడా పార్టీ చూసే వస్తారు. మందుకు, మటన్‌కు పోయిన డబ్బు ఎవరికి పనికొచ్చింది? అదే గుడికి పోతే కనీసం గోడైనా కనిపిస్తుంది. 2019 ఎన్నికలప్పుడు ఏకగ్రీవమైన పంచాయతీకి 10 లక్షల నజరానా అని సర్కారే చెప్పింది కదా. తప్పయితే సర్కారు ఎందుకు చెబుతుంది?
ఇంకోటి, అంతా ఒక మాట మీద ఉండడం మన పాత పద్ధతి. తమిళనాడులో ఉత్తరమేరూర్ గుడి గోడ మీద వెయ్యేళ్ల కిందే రాసి ఉంది. ఓట్లు తెల్లోడు తెచ్చినవి.

నర్సంపేట_టీచరక్క:
అన్నా, ఉత్తరమేరూర్ పేరు తీశారు కాబట్టి మొత్తం చెప్పుకుందాం. అది పదో శతాబ్దం, పరాంతక చోళుడి కాలం నాటి శాసనం. వార్డుల వారీగా అర్హుల పేర్లు తాటాకు ముక్కల మీద రాసి కుండలో వేసి, చిన్న పిల్లాడితో తీయించేవారు. అందులో పెద్దమనుషుల తీర్మానమూ లేదు, పాటా లేదు. అయితే ఆ కుండలోకి ఎవరి పేరు పోయేది? పన్ను కట్టే సొంత భూమి, సొంత ఇల్లు, వేదం చదువు, 35 నుంచి 70 లోపు వయసు. మీరూ నేనూ ఇద్దరం బయటే. నాకు నచ్చింది ఒకటుంది. పదవిలో ఉండి లెక్క చెప్పనివాడి పేరే కాదు, అతని దగ్గరి బంధువుల పేర్లు కూడా కుండలో వేయకూడదు. ఇది ఇప్పుడు పెడితే మన మండలంలో నామినేషన్ వేసేవాళ్లు దొరకరు.
పాతకాలం గ్రీకుల ఏథెన్స్‌లో కూడా ఎక్కువ పదవులకు చీటీలే. ఓట్లేసి ఎన్నుకుంటే పేరూ డబ్బూ ఉన్నవాళ్లే గెలుస్తారని వాళ్ల అనుమానం. ఆడవాళ్లకు, బానిసలకు మాత్రం అక్కడా చోటు లేదు.

జమ్మికుంట_పోరడు:
అయితే చీటీలే వేద్దాం అక్కా. చిట్టీ పాట మనకు అలవాటే 😀

కరీంనగర్_ప్లీడర్:
పోరడు నవ్వులాటకు అన్నా, తేడా అక్కడే ఉంది. చీటీలో డబ్బుకు బలం లేదు, పాటలో డబ్బు తప్ప ఇంకేదీ లేదు.
చట్టం మాట చెప్తాను. బరిలో ఒక్కరే మిగిలితే వాళ్లు ఎన్నికైనట్టు ప్రకటించడం చట్టబద్ధమే. మిగతావాళ్లు డబ్బు చూసి తప్పుకోవడం మాత్రం వేరే సంగతి. 2021 జనవరిలో మహారాష్ట్రలో సర్పంచ్ పదవికి వేలం వేశారని నాసిక్, నందుర్బార్ జిల్లాల్లో ఒక్కో ఊరి ఎన్నికను అక్కడి ఎన్నికల సంఘం మొత్తం రద్దు చేసింది. కాబట్టి సర్కారు నజరానా ప్రకటించింది కదా అని గుడి దగ్గర పాటను దానితో కలపకండి.
18 లక్షలు పెట్టినాయన దాన్ని ఎక్కడ రాబట్టుకుంటాడో కూడా ఆలోచించండి. మన తెలంగాణ 2018 పంచాయతీరాజ్ చట్టం చెక్ పవర్‌ను (పంచాయతీ డబ్బు తీసే చెక్కుల మీద సంతకం చేసే అధికారాన్ని) సర్పంచ్‌కూ ఉపసర్పంచ్‌కూ కలిపి ఇచ్చింది. అంటే ఆ ఉపసర్పంచ్ కూడా ఆయన మనిషే అయ్యుండాలి. పాటలో ఆ ముచ్చట కూడా తేలిందా?

హన్మకొండ_చౌరస్తా:
తేలింది సార్. పాట పాడినాయన బామ్మర్దే.

పరకాల_పత్తిరైతు:
సరే, పాట తప్పే, ఒప్పుకుంటాను. పైసా లేకుండా ఊరంతా కూర్చొని మంచివాణ్ణి ఎన్నుకుంటే? స్విట్జర్లాండ్‌లో ఇప్పటికీ కొన్ని చోట్ల మైదానంలో నిలబడి చేతులెత్తుతారట.

నర్సంపేట_టీచరక్క:
ఎత్తుతారు. అలా చేతులెత్తే అప్పెంజెల్ ఇన్నర్‌రోడెన్ అనే అక్కడి రాష్ట్రంలో మగవాళ్లు ఆడవాళ్లకు ఓటు వద్దని చేతులెత్తుతూనే ఉన్నారు. చివరికి 1990లో కోర్టు చెప్తే గాని హక్కు రాలేదు.
చేతులెత్తితే ఎవరు ఎటో అందరికీ కనిపిస్తుంది. ఇంగ్లండ్‌లోనూ 1872 దాకా ఓటరు తన మనిషి పేరు పైకి చెప్పాల్సిందే, గుమాస్తా రాసుకునేవాడు. 1868లో వేల్స్‌లో భూస్వామి మాట కాదన్న కౌలుదార్లను భూముల నుంచి వెళ్లగొట్టారు. రహస్య ఓటు చట్టం ఆ తర్వాత గాని రాలేదు. ఆస్ట్రేలియాలో విక్టోరియా, సౌత్ ఆస్ట్రేలియా 1856లోనే మొదలుపెట్టాయి.
మా తాత దొర దగ్గర జీతగాడు. 1952లో ఒక్కో అభ్యర్థికి ఒక్కో డబ్బా, దాని మీద గుర్తు, చుట్టూ తెర. కాంగ్రెస్ గుర్తు కాడెడ్లకే వేయాలని దొర చెప్పి పంపాడు. తాత "మీ బాంచెను" అని లోపలికి పోయి తన ఇష్టం వచ్చిన డబ్బాలో వేసి వచ్చాడు. ఆ ఎన్నికలో వరంగల్ లోక్‌సభకు పీడీఎఫ్ (కమ్యూనిస్టుల ఫ్రంట్) తరఫున పెండ్యాల రాఘవరావు గెలిచారు, కాంగ్రెస్ తరఫున ఓడినాయన మన కవి కాళోజీ. మంచి చెడ్డ అటుంచండి, దొర ముందు చేతులెత్తమంటే మా తాత చెయ్యి ఎటు లేచేది? గుడి దగ్గర 'అందరికీ సమ్మతమేనా' అని అడిగితే ఎవరు కాదంటారన్నా? తెల్లారితే ఆ పెద్దమనిషి ట్రాక్టరే కదా కావాలి.

పరకాల_పత్తిరైతు:
ట్రాక్టర్ మాట నిజమే. కానీ టీచరమ్మా, తెర చాటున వేసిన ఓటుకు కూడా ముందురోజు రాత్రే కవరు వస్తోంది. తీసుకున్నవాళ్లు దేవుడి మీద ఒట్టేసి మరీ వేస్తున్నారు. ఇక తెర ఏం కాపాడినట్టు?

కరీంనగర్_ప్లీడర్:
ఈ ప్రశ్నకు నా దగ్గర సూటి జవాబు లేదు. తెర ఉంది కాబట్టే ఇద్దరి దగ్గరా తీసుకొని మూడో మనిషికి వేసేవాళ్లున్నారు, అంతే చెప్పగలను. నా వరకైతే ఒక్కరే మిగిలినా నోటాతో పోలింగ్ పెట్టాలి. 2018లో మహారాష్ట్ర, హర్యానా ఎన్నికల సంఘాలు స్థానిక ఎన్నికల్లో నోటాకు ఎక్కువ వస్తే మళ్లీ ఎన్నిక అన్నాయి. ఆ రెండూ కలిపితే పాట పాడేవాడు డబ్బు పెట్టడానికి భయపడతాడు.

నర్సంపేట_టీచరక్క:
చౌరస్తా తమ్ముడూ, ఆ సీటు జనరలా, రిజర్వా?

హన్మకొండ_చౌరస్తా:
మహిళా సీటే అక్కా. పాట పాడింది సర్పంచ్ అయినామె భర్త. ఆమె గుడి దగ్గరికి కూడా రాలేదు. అక్కడున్న ఆడవాళ్లు ఇద్దరే, చాయ్ పోయడానికి వచ్చారు.

నర్సంపేట_టీచరక్క:
1952 ఓటరు జాబితాలు రాసేటప్పుడు 'ఫలానా ఆయన భార్య' అని తప్ప సొంత పేరు చెప్పలేదని దేశంలో 28 లక్షల మంది ఆడవాళ్లను తీసేయాల్సి వచ్చింది. ఆమె పేరు ఊళ్లో ఎంతమందికి తెలుసు?

హన్మకొండ_చౌరస్తా:
నాకే తెలియదు. ఫ్లెక్సీ మీద ఉంది గాని ఆయన ఫొటోనే పెద్దది.

పరకాల_పత్తిరైతు:
సరే తమ్మీ. 2018 చట్టం ప్రకారం రెండు నెలలకోసారి గ్రామసభ పెట్టాలి. గుడి గోడ లెక్క, పంచాయతీ లెక్క రెండూ అడగమను. మీ అమ్మమ్మ పోతుందా?

హన్మకొండ_చౌరస్తా:
ఇప్పుడే ఫోన్ చేసి అడిగాను. చీర ఇస్తారా అంటోంది.